నలభై నిమిషాలు వెనకబడ్డ మాట

చప్పుడుకీ కాలానికీ చెడింది ఓ సోమవారం పొద్దున. ఎవరి తప్పో తేల్చడానికి వేసిన కమిటీ ఇంకా కూర్చునే ఉంది, దాని జోలికి మనం పోవద్దు. జరిగింది మాత్రం ఇది: ఎవరు ఎక్కడ ఏం మాట్లాడినా, ఆ మాట సరిగ్గా నలభై నిమిషాల తర్వాత అక్కడే వినబడుతుంది. ఇప్పుడు మీ పెదాలు ఆడుతుంటే, ఇందాక వచ్చిపోయినవాడి గోల చెవిన పడుతుంది. తలుపు విసిరి కొడితే చడీచప్పుడూ ఉండదు. మనుషులంతా వెళ్ళిపోయాక తీరిగ్గా ధడేల్‌మంటుంది.

ఇళ్ళల్లో జనం రెండ్రోజుల్లో సర్దుకున్నారు. తలా ఒక పలక కొనుక్కుని రాసి చూపించుకున్నారు. మొగుడూ పెళ్ళాల పోట్లాటలైతే సగానికి సగం తగ్గాయి, తిట్టు వినబడే వేళకి తిట్టించుకోవాల్సిన మనిషి బజారులో ఉంటాడు కదా. సర్దుకోనిదల్లా బదిలీల ఆఫీసు. అక్కడ మూడోరోజే సర్క్యులర్ వచ్చింది. విచారణలో చెవిన పడిన మాటే చెల్లుతుంది. పలకలు గేటు దగ్గర వాచ్‌మన్‌కి అప్పగించి లోపలికి రావాలి. పెదాలు చూసి అర్థం చేసుకుంటే క్రమశిక్షణ చర్య.

ఆ ఆఫీసులో స్టెనో మన మనిషి. అందరూ అతన్ని ‘అలాగే’ అని పిలుస్తారు. పెద్దసారు నోరు తెరవగానే “అలాగే సార్” అనడం మొదలుపెడతాడు, ఆయన నోరు మూసేదాకా ఆపడు. పన్నెండేళ్ళుగా చెయ్యి ఆయన మాటలు రాసుకుపోతుంది, నోరు దాని పని అది చేసుకుపోతుంది. ఇన్నేళ్ళలో ఒక్క మాట జారనివ్వలేదని అతనికి మహా గొప్ప.

గొప్పకేం గానీ, పాపం మనిషికి సుఖం లేదు. భార్య రెండు వందల కిలోమీటర్ల అవతల టీచరు. పెళ్ళయి ఎనిమిదేళ్ళయినా కాపురమంతా సెలవు రోజుల్లోనే. బదిలీ విచారణ ఏడాదికి ఒక్కసారి, ఇప్పటికి ఏడుసార్లు కాదన్నారు. ఈసారీ కాదంటే ఏమవుతుందో తలుచుకోవడానికే ఇద్దరికీ భయం. అందుకే ఆవిడ సెలవు పెట్టి వచ్చి, వరండాలో బల్ల మీద కూర్చుంది.

ఆఫీసు మొత్తానికి ఒక్కడే స్టెనో కాబట్టి తన విచారణ తనే రాసుకోవాలి. పదకొండింటికి పెద్దసారు ఎదుట నిలబడి తన గోడంతా వెళ్ళబోసుకున్నాడు. గదిలో మాత్రం పదీ ఇరవైకి వచ్చిపోయిన డ్రైవరు నడుంనొప్పి వినబడుతోంది. తర్వాత పెద్దసారి పెదాలు కదిలాయి. చాలాసేపే కదిలాయి. ముఖంలో చిరాకు లేదు, ఒకసారి చిన్నగా నవ్వారు కూడా. ‘అలాగే’కి ప్రాణం లేచొచ్చింది.

పదకొండూ నలభైకి నోటుపుస్తకం తెరిచి చెవులు రిక్కించాడు. ముందు తన గోడు వచ్చింది, రాసుకున్నాడు. తర్వాత పెద్దసారి గొంతు వచ్చింది.

“నీ బదిలీ సంగతి...”

“అలాగే సార్.”

“అన్నీ చూశాక, ఈ ఏడాది...”

“అలాగే సార్, అలాగే సార్.”

ఇక పెద్దసారి గొంతు పైకి రాలేదు. నోటి మాట తన చెవికే అందకపోయేసరికి, ఇందాక అతను తెలియకుండానే గొంతు పెంచేశాడు. అసలు మాట ఉండాల్సిన చోట ఆ కేకలే గది నిండా మోగాయి. మంజూరో నామంజూరో ఆ దేవుడికే తెలియాలి. నోటుపుస్తకంలో మాత్రం పదకొండుసార్లు ‘అలాగే సార్’ అని పడింది.

చేతులు జోడించి, ఏమన్నారో మళ్ళీ చెప్పమని సైగ చేశాడు. పెద్దసారు ఫైలు లాక్కుని రాశారు: ‘పొద్దుట్నుంచి ముప్ఫైమందికి తీర్పు చెప్పాను. ఎవరికి ఏమన్నానో చెవిన పడితేనే కదా నాకైనా తెలిసేది. వినబడలేదు గనక వచ్చే ఏడాది చూద్దాం.’ కింద సంతకం, తేదీ. ‘అలాగే’ తలూపాడు. ఏం చేస్తాడు, మెడకీ అదే అలవాటు.

వరండాలోకి వచ్చి ఫైలు భార్య చేతికిచ్చాడు. ఆవిడ రెండుసార్లు చదివింది. పలక గేటు దగ్గరుండిపోయింది, అందుకని నోటితోనే చెప్పింది, అతని కళ్ళలోకి చూస్తూ, నిదానంగా. ఆవిడ మాట మీద తన మాట పడకూడదని ఈసారి అతను పళ్ళు బిగబట్టాడు. ఆవిడ చెప్పడం ముగించి అతని వైపే చూస్తూ ఉండిపోయింది. ఏదో ఒకటి అనకపోతే బావుండదనిపించి, అనకూడదు గనక, ఓదార్పుగా తలూపాడు.

ఆవిడ సంచీ తీసుకుని మెట్లు దిగింది. బస్సుకి టైమైందేమో అనుకున్నాడు. వెంట వెళ్దామంటే ఆవిడ మాట ఇక్కడే ఉండిపోయింది. తను లేకపోతే అది వచ్చి ఖాళీ బల్లకి వినిపించి పోతుంది. అందుకని కదలకుండా కూర్చున్నాడు. పొద్దుటి ఫైళ్ళ బండి గడగడా, ఎవరిదో దగ్గూ వింటూ గడియారం చూసుకున్నాడు.

పన్నెండూ నలభై అయిదుకి ఆవిడ గొంతు వచ్చింది. ఒక్క మాట పోలేదు.

“ఏమండీ, ఇంకో ఏడాది నావల్ల కాదు. మీకు బదిలీ కాదంటే నేనే ఉద్యోగం మానేసి వచ్చేద్దామని, రాజీనామా రాసి సంచీలో పెట్టుకునే వచ్చాను. కానీ నేను మీకు కావాలో, మీకీ ఆఫీసు చాలో నాకు తెలియదు. ఎప్పుడూ చెప్పలేదు మీరు. ఇప్పుడైనా చెప్పండి. నన్ను వెళ్ళిపోమంటారా?”

ఆ తర్వాత కాసేపు ఏమీ లేదు. ఇందాక తను తలూపింది అప్పుడే.

“సరే,” అంది ఆవిడ. చెప్పుల చప్పుడు మెట్ల దాకా వెళ్ళి ఆగిపోయింది.

అతను లేచి, వరండా చివరికి పరుగెత్తి, వద్దని, వెళ్ళొద్దని, నువ్వు కావాలని గొంతు చించుకుని అరిచాడు. ఒంటిగంటన్నరకి ఆ అరుపు వినబడింది. అప్పటికి వరండాలో భోంచేసి వచ్చిన గుమాస్తాలున్నారు. ఆవిడ బస్సెక్కి చాలాసేపైంది.