ఓడిపొమ్మన్న ఆదివారం

ఎవారిస్తో బార్సోలా బారాంకా ఫుట్‌బాల్ జట్టుకి కోచ్‌గా, వాళ్ళ మాటలో ప్రొఫేగా, వచ్చి రెండేళ్ళయింది. ఈ రెండేళ్ళలో అతన్ని ఓడిపొమ్మని అడిగినవాడు లేడు. ఆ వారం మాత్రం కూరగాయలమ్మేవాడి దగ్గర్నుంచి పెట్రోలు పోసేవాడి దాకా అందరిదీ ఒకటే పాట.

"చూడు ప్రొఫే, ఆదివారం మరీ ఒళ్ళు హూనం చేసుకోకండి. అర్థమైందిగా?"

అర్థం కాకపోవడానికేముంది. అది లీగులో ఆఖరి ఆట. గెలిచినా ఓడినా బారాంకాకి ఒరిగేదీ లేదు, పోయేదీ లేదు. అడుగున రెండు జట్లు కొట్టుకుంటున్నాయి, వాటిలో ఒకటి కింది డివిజన్‌కి దిగిపోవాలి. ఒకటి రైలుకట్ట అవతలి తెలెస్ఫోరో. ఆ పేరు వింటేనే బారాంకా జనానికి తాతల కాలం నుంచీ ఒళ్ళు మంట. రెండోది ఆదివారం బారాంకా మైదానానికి వచ్చి ఆడబోయే మోలినో. తెలెస్ఫోరో ఆటలన్నీ అయిపోయాయి. మోలినో డ్రా చేసుకున్నా చాలు, తెలెస్ఫోరో మునుగుతుంది. మోలినో ఓడితే తెలెస్ఫోరో బతికిపోతుంది. అంటే కట్ట అవతలివాడు మునగాలంటే మనం గెలవకూడదు. బ్వేనోస్ ఐరెస్ దక్షిణ శివార్లలో దీన్ని సిగ్గుమాలిన పని అని ఎవరూ అనుకోరు. దేవుడే కరుణించాడనుకుంటారు.

దేవుడు కరుణించింది బారాంకా జనాన్ని కాదు, తననే అని బార్సోలా నమ్మకం.

అతను పుట్టింది మోలినోలో. బంతి తన్నడం నేర్చుకున్నది అక్కడే, ఆడినన్నాళ్ళూ వెనక వరసలో ఆడింది ఆ జట్టుకే. ముద్దుగా తాళంకప్ప అనేవాళ్ళు. ఓ ఏడాది మోలినో దిగిపోయే స్థితికొచ్చింది. ఉంటుందో దిగుతుందో తేలిపోయే ఆట రోజున అతని మోకాలు గుమ్మడికాయలా వాచి ఉంది. ఆడలేనన్నాడు. క్లబ్బు ప్రెసిడెంటు ఆతిలియో లాన్‌ఫ్రాంకో డాక్టరుని పిలిపించి, దగ్గరుండి నొప్పి తెలియకుండా సూది వేయించి, భుజం తట్టి లోపలికి తోశాడు. ఆట చివర్లో మందు ప్రభావం తగ్గింది. గోలు ముందు కాలు మడతపడి బార్సోలా కూలబడ్డాడు. అవతలివాడు అతన్ని దాటుకుని వెళ్ళి తీరిగ్గా బంతిని లోపలికి నెట్టాడు. మోలినో దిగిపోయింది. మళ్ళీ పైకి రావడానికి దానికి ఏళ్ళు పట్టింది.

ఆ సాయంత్రమే లాన్‌ఫ్రాంకో రేడియోలో ఓ మాటన్నాడు. "బార్సోలా ఎవరి కోసం పడ్డాడో బార్సోలానే అడగండి." తన కుర్చీ కాపాడుకోవడానికి అన్న మాట. దానితో బార్సోలా అమ్ముడుపోయినవాడైపోయాడు. సూది సంగతి చెప్పుకోవచ్చు. కానీ వెనక వరసలో ఆడేవాడు నొప్పి గురించి నోరెత్తకూడదు, అక్కడి పెంపకం అలాంటిది. చిన్నప్పట్నుంచీ ఎత్తుకుని తిరిగిన వీధి అతన్ని చూసి మొహం తిప్పుకుంది. ఒక్క అక్క ఎల్సిరా మాత్రం, మైదానం పక్కనే రొట్టెల కొట్టు పెట్టుకుని, తమ్ముణ్ణి ఒక్క మాటన్నవాడికి రొట్టె అమ్మకుండా నెట్టుకొచ్చింది. బార్సోలా ఉత్తరానికి పోయి చాకోలో, హుహుయ్‌లో దుమ్ముకొట్టుకుపోయిన మైదానాల్లో ఊరూ పేరూ లేని జట్లకి ఆట నేర్పుతూ పైకొచ్చాడు. ఆ ఏళ్ళన్నింటిలో లాన్‌ఫ్రాంకోని తిట్టుకోకుండా ముద్ద నోట పెట్టిన రోజు లేదు.

గురువారం ప్రాక్టీసు అయ్యాక ఆటగాళ్ళు పెరట్లో మాంసం కాల్చుకుంటుంటే లాన్‌ఫ్రాంకో స్వయంగా వచ్చాడు. జుట్టంతా నెరిసింది గానీ ప్రెసిడెంటు కుర్చీ మాత్రం వదల్లేదు. బార్సోలా పక్కన అసిస్టెంటుగా ఉండే పొరోతో అతన్ని చూడగానే పళ్ళు నూరాడు.

"తరిమెయ్యమంటావా?"

"వద్దు. నీళ్ళు కాచు."

బట్టలు మార్చుకునే గదిలో ఇద్దరూ ఎదురెదురుగా కూర్చున్నారు. బార్సోలా సొరబుర్రలో మాతే ఆకు పోసి, వేడినీళ్ళు వంచి, వెండి గొట్టంతో మొదటి గుక్క తాను పీల్చాడు. మళ్ళీ నీళ్ళు నింపి ముసలాయనకి అందించాడు. లాన్‌ఫ్రాంకో మొహం విప్పారింది. పగవాడితో ఒకే గొట్టం పంచుకునేవాడు ఆ దేశంలో ఉండడు. మాతే పోశాడంటే పాతవన్నీ వదిలేసినట్టే.

"పెద్దవాళ్ళమైపోయాం ఎవారిస్తో."

"మీరైపోయారు దోన్ ఆతిలియో. నాకింకా టైముంది."

"నోరు మాత్రం మారలేదు నీకు." లాన్‌ఫ్రాంకో నవ్వాడు. "సరే, డొంకతిరుగుడెందుకు. ఆదివారం మాకు డ్రా చాలు. మీ జనానికీ అదే కావాలి. ఇందులో ఎవరికీ నష్టం లేదు."

"నాకుంది."

"ఏంటది?"

"నా పేరు. రేడియోలో పారేశారుగా. వెళ్ళి పట్టుకురండి."

ముసలాయన గొట్టం నోట్లోంచి తీశాడు. "అబ్బా, అదెప్పటి సంగతి. ఇప్పుడు తవ్వుకుంటే ఏమొస్తుంది? ఆదివారం ఆట కానివ్వు, అప్పుడు చెబుతాలే."

"ముందు చెప్పండి. అదే రేడియోలో. సూది సంగతి, అబద్ధం సంగతి, రెండూ."

"చెబితే?"

బార్సోలా సొరబుర్ర వెనక్కి తీసుకుని, నిండా నీళ్ళు వంచి మళ్ళీ అందించాడు. లాన్‌ఫ్రాంకో ఆఖరి చుక్క దాకా పీల్చి, చేయి కలిపి, ఈల వేసుకుంటూ వెళ్ళిపోయాడు.

పొరోతో గుమ్మంలోంచి అంతా విన్నాడు. "మాటిచ్చేశావా?"

"నేనేమన్నాను?"

"ఏమీ అన్లేదు."

"మరింకేం."

శనివారం పొద్దున లాన్‌ఫ్రాంకో రేడియోలో మాట్లాడాడు. గొంతు సవరించుకుని, నసిగి, ఆఖరికి కక్కేశాడు. ఆ రోజు బార్సోలా ఆడలేనన్నాడని, తానే సూది వేయించానని, అతను ఎవరికీ అమ్ముడుపోలేదని, ఆ మాట అన్నది తప్పేనని. బార్సోలా కారు పక్కకి ఆపి విన్నాడు. ఏడుపొస్తుందనుకున్నాడు, రాలేదు. పైగా ఇంకా కడుపు మండింది. ఇంత సులువైన మాట చెప్పడానికి ఆ మనిషికి ఇన్నేళ్ళు పట్టింది, అది కూడా ఒక డ్రా కోసం.

ఎల్సిరా ఫోను చేసింది. "విన్నావుట్రా? కొట్టు ముందు లైనుంది. మొహం తిప్పుకు పోయినవాళ్ళంతా వచ్చి నన్ను కావలించుకుంటున్నారు. ఆ ఎదురింటి నెలీదా అయితే ఏడ్చి ముక్కు చీదింది, నా ఏప్రన్‌కే తుడుచుకుంది."

"రొట్టె అమ్మావా దానికి?"

"అమ్మాను. నిన్నటిది."

ఆదివారం ఆటకి ముందు బార్సోలా తన వాళ్ళని కూర్చోబెట్టాడు. "బయట మీకు ఎవరేం చెప్పారో నాకు తెలుసు. ఆడలేననేవాడు ఇప్పుడే చెప్పండి, ఒక్క మాట అనను. దిగినవాడు మాత్రం గెలవడానికి ఆడాలి."

కెప్టెన్ తల వంచుకున్నాడు. "నా పెళ్ళాం పిల్లలు ఈ వీధుల్లోనే తిరగాలి ప్రొఫే."

"కూర్చో. తప్పులేదు."

అతని చోట, చాకో నుంచి వెంట తెచ్చుకున్న లెదెస్మాని దింపాడు. లెదెస్మాకి బారాంకా అన్నా తెలెస్ఫోరో అన్నా ఒకటే. బార్సోలా ఏది చెబితే అదే వాడికి వేదం.

బయటి ఊరి జనాన్ని మైదానాల్లోకి రానివ్వడం ఎప్పుడో మానేశారు కాబట్టి, మెట్లమీదున్నదంతా బారాంకా జనమే. వాళ్ళంతా గొంతెత్తి మోలినో పాటలు పాడుతున్నారు. సొంత ఆటగాడి కాలికి బంతి తగిలితే చాలు, ఈలలు. మోలినోవాళ్ళు బంతి అటూ ఇటూ దొర్లించుకుంటూ కాలక్షేపం చేశారు. అంతా ముందే కుదిరిందని వాళ్ళ ప్రెసిడెంటు చెప్పి పంపాడని చూస్తేనే తెలిసిపోతోంది. రెండో సగం నడుస్తుండగా బారాంకాకి కార్నర్ వచ్చింది. బార్సోలా గీత దాకా వచ్చి లెదెస్మాని ముందుకు పొమ్మని చెయ్యి ఊపాడు. మోలినోవాళ్ళు ఎవరూ అడ్డం కూడా వెళ్ళలేదు. లెదెస్మా ఎగిరి తలతో కొట్టాడు. బంతి వలలో పడింది.

మైదానం మొత్తంలో ఒక్క గొంతు లేవలేదు. లెదెస్మా చేతులు పైకెత్తి పరిగెత్తి, ఎటు పరిగెత్తాలో తెలియక ఆగిపోయాడు. తర్వాత మొదలైంది బూతుల వాన. "అమ్ముడుపోయావు బార్సోలా!" అన్నారు ఒకరు, ఇక అందరూ అందుకున్నారు. ఓడినందుకు ఒకసారి అమ్ముడుపోయాడు, గెలిచినందుకు ఇంకోసారి. బార్సోలా చేతులు కట్టుకుని నిలబడ్డాడు. మోలినో మేలుకుని చివరిదాకా మీదపడింది. కానీ వెనక వరసని ఎలా మూసెయ్యాలో ఆ మైదానంలో అతనికి తెలిసినంత ఇంకెవరికీ తెలీదు. ఆట ఒక్క గోలుతోనే ముగిసింది.

మెట్ల కింద దారిలో లాన్‌ఫ్రాంకో ఎదురొచ్చాడు. మొహంలో నెత్తురుచుక్క లేదు.

"నాకు మాతే పోశావు నువ్వు."

"దాహంగా ఉన్నారనుకున్నాను."

"నా పరువు నేనే తీసుకున్నాను రేడియోలో. నా జనం నన్ను బతకనిస్తారా ఇప్పుడు?"

"నన్ను బతకనిచ్చారా? బతికాగా. మీరూ బతుకుతారు. చాకోలో మైదానాలు బాగుంటాయి."

ఆ మాట అనేటప్పుడు బార్సోలాకి ఎంత హాయిగా ఉందంటే, ఇన్నేళ్ళ మోకాలి నొప్పి కూడా గుర్తు రాలేదు. పది నిమిషాల్లో బారాంకా క్లబ్బువాళ్ళు వచ్చి నీ ఉద్యోగం పోయిందన్నారు. దానికీ నవ్వాడు. పొరోతో సామాను సర్దుతుంటే తాను కారెక్కి అక్కకి వీడియో కాల్ చేశాడు.

కొట్టులో దీపాలు ఆర్పి ఉన్నాయి. ఎల్సిరా కళ్ళు వాచిపోయి ఉన్నాయి.

"ఎవరేమన్నారు నిన్ను?" అన్నాడు బార్సోలా. "పేరు చెప్పు."

"ఎవరూ ఏమీ అన్లేదు. నేనే మూసేశాను." ముక్కు తుడుచుకుంది. "మోలినో దిగిపోయిందిరా. నేను మోలినో దాన్ని కానా?"

"లాన్‌ఫ్రాంకో పని పట్టానక్కా. వాడి ముక్కు నేలకి రాయించాను."

"బాగా అయింది వాడికి. రేపు రాజీనామా రాసిచ్చి సముద్రం ఒడ్డున ఇంటికి పోతాడు. కింది డివిజన్‌లో ఆడేదెవరు? ఈ వీధివాళ్ళు. నిన్న నా మెడ పట్టుకుని ఏడ్చినవాళ్ళు. నీ చేత బంతి తన్నించినవాళ్ళు."

"మళ్ళీ ఆడమన్నా గెలుస్తాను."

"తెలుసు. నా తమ్ముడు మోలినోని ముంచేవాడు కాదని ఇన్నేళ్ళూ ఈ వీధంతటితో పోట్లాడాను. రేపు పొద్దున కొట్టు తెరిచి ఏమనమంటావు?"

బార్సోలా మళ్ళీ లాన్‌ఫ్రాంకో పేరే ఎత్తబోయాడు. ఎల్సిరా ఫోను పెట్టేసింది.