అన్న పేరు లేని దావా

నాగయ్య బాయిలరు పొయ్యిలోకి ఆఖరి పార బొగ్గు ఎగదోసి, మొహాన నాలుగు దోసిళ్ళ నీళ్ళు కొట్టుకొని, పటాన్‌చెరులో సంగారెడ్డి బస్సెక్కాడు. చెవుల వెనక మసి అట్లాగే ఉంది. ఏళ్ళ తరబడి ఉంటున్నదే కాబట్టి దాన్ని అతను ఎప్పుడో మరిచిపోయాడు.

ఇవాళ దావా వెనక్కి తీసుకునే రోజు. చిట్కుల్‌లో తమ పొలం పక్క చెలక కొన్న పట్నం ఆసామి, గోదాముకని ముళ్ళకంచె వేయించి బావి దారి మూసేశాడు. పొట్టకొచ్చిన వరి ఎండిపోతోంది. ఇట్లాంటప్పుడు వెనక్కి తగ్గడమేమిటని నాగయ్య సీట్లో కుదురుగా కూర్చోలేకపోయాడు.

కోర్టు వరండాలో వకీలు నరసరాజు మళ్ళీ మొదటికొచ్చాడు.

"బావిలో మీ అన్నకీ సగముంది కదయ్యా. ఆయన పేరు లేకుండా నువ్వొక్కడివే వేస్తే దావా నిలవదు. నీ పక్కనన్నా ఉండాలి, ఎదుటి పక్షంలోనన్నా ఉండాలి."

"పెద్దోన్ని కోర్టు మెట్లు ఎట్ల ఎక్కిస్త సార్? ఊరు నవ్వదా?"

ఊరి సంగతి సరే. పంపకాలప్పుడు ఒక బర్రె దగ్గర మాటా మాటా పెరిగి అన్న యాదన్నతో మాటలు లేవు. అడిగితే కాదంటాడేమోనని నాగయ్యకు భయం. ఆ భయానికే మర్యాద అనే అంగీ తొడిగి తిరుగుతున్నాడు.

ఈ దావా వెనక్కి తీసుకొని, అన్న పేరుతో మళ్ళీ వేసుకోవడానికి జడ్జి అనుమతి దొరక్కపోతే బావి సంగతి ఇక మరిచిపోవాలట. పేరు పిలిచేదాకా నాగయ్య తువ్వాలు తలకు చుట్టాడు, విప్పాడు, మళ్ళీ చుట్టాడు. జడ్జిగారు తలెత్తకుండానే ఏదో రాశారు.

"ఇచ్చారు. అన్నను తీసుకురా, కొత్తది వేద్దాం," అన్నాడు నరసరాజు బయటికొచ్చి.

తిరుగు బస్సులో నాగయ్య ఒక్కటే మాట లోలోపల అనుకుంటూ వచ్చాడు. "తప్పయింది అన్నా." అది అనడానికి ఇన్నాళ్ళు పట్టినందుకు తన మీద తనకే కోపం వచ్చింది. ఇస్నాపూర్‌లో దిగి చిట్కుల్‌కు దాదాపు ఉరుకుతూ నడిచాడు.

యాదన్న ఇంటి అరుగు మీద నలుగురు కూర్చొని ఉన్నారు. నాగయ్యను చూసి లేచి దారిచ్చారు. లోపల యాదన్న నేల మీద పడుకొని ఉన్నాడు. తల దగ్గర దీపం వెలుగుతోంది.

"కంపెనీకి మనిషిని తోలినం. నువ్వు లేవన్నరు," అంది వదిన రాజవ్వ.

నాగయ్య గుమ్మం దాటి అన్న కాళ్ళ దగ్గర కూర్చున్నాడు.

"బాయి ఇద్దరిదాయె, నా పేరెందుకు రాయలేదే వాడు అని రోజు ఒకటే పరేషాన్. ఇయ్యాల కోర్టుకు నేనే పోత, తమ్మునెనక నిలవడ్త అని పొద్దుగాల్నే నెత్తికి చుట్టే రుమాలు ఉతికిండు. అది ఆరేదాంక జెర ఒరుగుత అన్నడు. ఇగ లేవలే."

నాగయ్య ఏడుస్తూ వాకిట్లోకి చూశాడు. దండెం మీద యాదన్న ఎర్ర రుమాలు ఎప్పుడో ఆరిపోయి గాలికి ఊగుతోంది.