ముప్పై అయిదేళ్ళ తొట్టి

ఆదివారం మధ్యాహ్నం భోజనాల బల్ల దగ్గర, కాల్చిన బంగాళాదుంపల గిన్నెను తన వైపుకు లాక్కుంటూ డీన్ స్కెల్టన్ రాజ్యం గెలిచినవాడిలా ప్రకటించాడు.

"ఇంటి అప్పు తిరగరాయిస్తున్నాం. గురువారం సంతకాలు. వాయిదా తగ్గుతుంది, పైగా పెరట్లోకి హాట్ టబ్, అదే వేడినీళ్ళ తొట్టి, వస్తుంది."

డీన్ ఇంగ్లండులోని గ్రిమ్స్‌బీ రేవులో, చేపల కోల్డ్ స్టోరేజీలో పెట్టెలెత్తే ఫోర్క్‌లిఫ్ట్ బండి నడుపుతాడు. వయసు ముప్పై తొమ్మిది. లారీలో ఎన్ని పెట్టెలున్నాయో దూరం నుంచే చూసి చెప్పగలడు. బ్యాంకు కాగితం చేతికిస్తే మాత్రం అతని కళ్ళు మొదటి పేజీ మీద నుంచి జర్రున జారి, సంతకం పెట్టే గీత దగ్గరికి వెళ్ళి ఆగుతాయి.

ఎదురుగా కూర్చున్న అత్తగారు డోరీన్‌కు డెబ్బై నాలుగు. ముప్పై ఒక్క ఏళ్ళు గుర్రప్పందాల షాపులో కౌంటరు వెనకాల కూర్చుంది. డబ్బు పోగొట్టుకున్న మగవాళ్ళ మొహాలు ఆవిడ చూసినన్ని ఆ ఊరి చర్చి ఫాదర్ కూడా చూసి ఉండడు. అల్లుడు నోరు తెరవగానే ఆ మొహం ఏ జాతిదో ఆవిడకు తెలిసిపోయింది.

"ఎంత తగ్గుతుంది నాయనా?" అంది, మాంసం కోసుకుంటూ.

"అదీ అడగండి! ఇన్నాళ్ళూ రెండు శాతం వడ్డీ, నెలకి అయిదు వందల తొంభై మూడు పౌండ్లు కట్టాం. ఆ అయిదేళ్ళ ఒప్పందం అయిపోయింది. ఇప్పుడు వడ్డీ అయిదు శాతం. పాత లెక్కన మిగతా పాతికేళ్ళలో తీర్చాలంటే నెలకి ఎనిమిది వందల పద్దెనిమిది కట్టాలట. చచ్చామనుకున్నా. బ్రోకర్ కుర్రాడు లేడూ, రైలన్, వాడు దేవుడు. ముప్పై అయిదేళ్ళకి సాగదీశాడు. హాట్ టబ్‌కి ఆరు వేల అయిదు వందలు అందులోనే కలిపేసినా వాయిదా ఏడు వందల ముప్పై తొమ్మిదే!"

"ఓహో. మరి మొత్తం ఎంత?"

"చెప్పాగా, ఏడు వందల..."

"అది నెలకి. మొత్తం ఎంతని అడుగుతున్నా."

డీన్ దుంప నములుతూ పైకప్పు వంక చూశాడు. పక్కన భార్య కెర్రీ కూతురి ప్లేటులో బఠాణీలు వేస్తూ ఆగిపోయింది. ఆ ప్రశ్న తనకూ తట్టలేదని అప్పుడే తెలిసింది ఆమెకు.

"తేలికే," అన్నాడు డీన్. "అప్పు లక్షా నలభై ఆరు వేల అయిదు వందలు. దాని మీద అయిదు శాతం అంటే ఓ ఏడు వేల చిల్లర. లక్షా యాభై నాలుగు వేలు వేసుకోండి."

డోరీన్ కత్తి కింద పెట్టింది. మూతి తుడుచుకుంది. ఆవిడ నవ్వాపుకుంటోందని కెర్రీ కనిపెట్టింది.

"పందెం వేద్దామా అబ్బాయ్? నీ లెక్కకి అటూ ఇటూ పదివేలలో ఉంటే ఆ తొట్టి నేనే కొనిస్తా, రొక్కం. తప్పితే సంవత్సరం పాటు నా పెరట్లో గడ్డి నువ్వే కొయ్యాలి."

"వేసుకోండి!" డీన్ చెయ్యి చాచాడు. గొర్రె తనంతట తాను మెడ చాచడమంటే అదే.

కెర్రీ లేచి సొరుగులోంచి బ్రోకర్ ఇచ్చిన ఫైలు తెచ్చింది. రెండో పేజీలో ఉంది ఆ అంకె. దాచలేదెవరూ, సన్న అక్షరాలు కూడా కావు. ఆమె దాన్ని ఒకసారి లోపల చదువుకుంది, తర్వాత పైకి చదివింది.

"మొత్తం చెల్లించవలసినది: మూడు లక్షల పది వేల అయిదు వందల ముప్పై అయిదు."

డీన్ నోట్లో దుంప అలాగే ఉండిపోయింది.

"కింద ఇంకో ముక్క కూడా ఉంది," అంది కెర్రీ. "తీసుకున్న ప్రతి పౌండుకూ మీరు రెండు పౌండ్ల పన్నెండు పెన్నీలు తిరిగి కడతారు."

"అచ్చుతప్పు," అన్నాడు డీన్ గట్టిగా. "అయిదు శాతం అన్నాడు వాడు! అయిదు శాతం రెండింతలెలా అవుద్ది?"

"అయిదు శాతం ఒక్కసారి కాదు నాయనా, ఏడాదికోసారి," అంది డోరీన్. "ఇంకా తీరకుండా మిగిలిన దాని మీదంతా. అప్పు నిండుగా ఉన్నప్పుడు వడ్డీ నిండుగా తింటుంది. ఇలా చూడు."

గిన్నెలోంచి ఏడు దుంపలు ఏరి బల్ల మీద వరసగా పెట్టింది. బల్లగుడ్డకు నూనె మరకలయ్యాయి.

"ఇది నీ మొదటి నెల వాయిదా. ఇందులో ఇవీ," ఆరు దుంపలు పక్కకు నెట్టింది, "వడ్డీ. బ్యాంకు నోట్లోకి. అప్పులో తగ్గేది ఇదిగో, ఈ ఒక్కటి. అదీ కాస్త మాడింది."

కెర్రీ ఫోనులో లెక్క కట్టి చూసింది. ఏడు వందల ముప్పై తొమ్మిదిలో ఆరు వందల పది వడ్డీకే పోతోంది. మిగిలింది నూట ఇరవై తొమ్మిది. "అమ్మ చెప్పింది నిజమే డీన్. ఇంకో సంగతి. ఆ తొట్టి ఒక్కదానికే పదమూడు వేల ఏడు వందల డెబ్బై ఎనిమిది అవుతోంది."

"తొట్టి ఎన్నేళ్ళుంటుందన్నాడు?" అంది డోరీన్.

"పదేళ్ళు. బాగా చూసుకుంటే పన్నెండు," అని గొణిగాడు డీన్.

"మరి నీకు డెబ్బై నాలుగు వచ్చేదాకా కడతావు. నా వయసు. నన్ను చూడు. ఈ మోకాళ్ళతో పొద్దున్నే లేచి ఫోర్క్‌లిఫ్ట్ ఎక్కుతావన్నమాట, ఎప్పుడో కుళ్ళిపోయిన తొట్టి కోసం."

డీన్ మొహం ఎర్రబడింది. ఓడినందుకు కాదు, కూతురి ముందు ఓడినందుకు. "మీకేం, ఎన్నయినా చెప్తారు. మీ ఇంటి అప్పు ఎప్పుడో తీరిపోయింది. ఒడ్డున కూర్చుని ఈత నేర్పడం ఎవరికైనా తేలికే."

"డీన్!" అంది కెర్రీ.

డోరీన్ బల్ల మీది దుంపల్ని ఒక్కొక్కటే తిరిగి గిన్నెలో వేసింది. తర్వాత అల్లుడితో కాదు, కూతురితో అంది:

"మాబుల్‌తోర్ప్ బీచి దగ్గర మన కారవాన్, ఆ చక్రాల ఇల్లు, గుర్తుందా నీకు?"

"ఎందుకు లేదు? పచ్చ పరదాలు. నాన్న పైకెక్కి టీవీ తీగ సరిచేసేవాడు. గాలివానకి ఎగిరిపోయింది కదా, నాకప్పుడు అయిదేళ్ళేమో."

"ఎగిరిపోయింది. సగం పొలంలో దొరికింది, సగం సముద్రంలో. మీ నాన్న దాని బీమా కట్టడం మానేశాడని అప్పుడే తెలిసింది నాకు. అది కొన్న డబ్బు ఇంటి అప్పులో కలిపాడు. వాయిదా తగ్గాలని అప్పు మొత్తం మళ్ళీ కొత్తగా పాతికేళ్ళకి రాయించాడు. నేనూ సంతకం పెట్టాను, సంబరంగా. నువ్వు ఒళ్ళో ఉన్నావు. కారవాన్ అయిదేళ్ళుంది. మీ నాన్న పదకొండేళ్ళున్నాడు. అప్పు పాతికేళ్ళూ ఉంది."

కెర్రీ ఫైలు మూసింది. "నువ్వు ప్రతి శనివారం షాపుకి వెళ్ళేదానివి. నా ఈత పోటీలకి ఒక్కదానికీ రాలేదు."

"శనివారం కూలి ఒకటిన్నర రెట్లు."

"నీకు గుర్రాలంటే ఇష్టమనుకున్నాను అమ్మా. ఇన్నేళ్ళూ అదే అనుకున్నాను."

"గుర్రాలా?" డోరీన్ మొహం చిట్లించింది. "ఛీ, కంపు కొడతాయి. అరవై రెండేళ్ళొచ్చాక చివరి వాయిదా కట్టి, మర్నాడే మానేశాను."

 డీన్ లేచి అత్తగారి వెనక్కి వెళ్ళి నిలబడ్డాడు. భుజం మీద చెయ్యి వేద్దామనుకున్నాడు గానీ, అలాంటివి వాళ్ళిద్దరి మధ్యా ఎన్నడూ లేవు. చివరికి ఆవిడ ప్లేటు తీసుకున్నాడు.

"ఇంకొంచెం గ్రేవీ వెయ్యనా డోరీన్?"

"వెయ్యి. గడ్డి మాత్రం కొయ్యాల్సిందే."

సోమవారం నుంచి బుధవారం దాకా ఆ ఇంట్లో కీచులాటే. డీన్ ఒక పూట తొట్టి వద్దనేవాడు, మరో పూట మనుషులన్నాక సుఖం ఉండొద్దా అనేవాడు. పాతికేళ్ళకే ఉంచితే ఇప్పటికన్నా నెలకు రెండు వందల పాతిక పౌండ్లు ఎక్కువ కావాలి. అవి చెట్టుకు కాయవు. కెర్రీ సెలూన్‌లో జుట్టు కత్తిరిస్తుంది. యజమానురాలు ఎప్పటినుంచో శనివారాలు కూడా రమ్మని అడుగుతోంది. డీన్ ఆ మాట ఎత్తాడు.

"శనివారాలు ఇవ్వను," అంది కెర్రీ.

"మామూలు రోజుకన్నా ఎక్కువిస్తుంది కదా..."

"పిల్లకి ఎనిమిదేళ్ళు. ఇంకోసారి ఆ మాటంటే నిన్నే తొట్టిలో ముంచుతాను. తొట్టి లేదు కాబట్టి సింకులో."

డీన్ మళ్ళీ ఎత్తలేదు. బుధవారం సాయంత్రం ఇద్దరూ ఖర్చుల చీటీ రాశారు. క్రీడల చానెళ్ళు పోయాయి. నాలుగు నెలలుగా గుమ్మం తొక్కని జిమ్ పోయింది. ఆ చీటీలో జిమ్ కనబడ్డప్పుడు డీన్‌కు అవమానమే వేసింది, ఎందుకంటే ఆ ఒక్క విషయంలో తనను తాను మోసం చేసుకున్నట్టు అతనికి ముందే తెలుసు. తెల్లవారుజాము షిఫ్టుకు మారితే గంటకు కొంత ఎక్కువిస్తారు. వారానికి మూడు రోజులు మారడానికి ఒప్పుకున్నాడు, గిరాకీ లేని పెళ్ళికొడుకులా మొహం పెట్టి.

గురువారం బ్రోకర్ ఆఫీసులో రైలన్ కాగితాలు పరిచి, కలం మూత తీసి సిద్ధంగా పెట్టాడు. మొన తేలిన బూట్లు, మంచి నవ్వు. చెడ్డవాడేం కాదు.

"తొట్టి వద్దు," అన్నాడు డీన్. "పాతికేళ్ళే ఉంచు."

"నెలకి డెబ్బై తొమ్మిది ఎక్కువ అవుతుంది మరి, ఆలోచించారా?"

"మొత్తం మీద అరవై అయిదు వేలు తక్కువ అవుద్ది. మా అత్తగారు ఆలోచించారు."

"మొత్తం అలా చూడకూడదండీ. ఎవరూ అలా చూడరు. నెలకి ఎంత అన్నదే చూసుకోవాలి."

"నేను నెలనెలా చావను కదయ్యా, ఒకేసారి పోతాను. దానికి ముందు అప్పు పోవాలి నాకు."

రైలన్ నవ్వేశాడు. "రెండో పేజీలో రాసే ఇచ్చాను. దాచలేదు."

"దాచావని నేననలా."

"తొమ్మిదేళ్ళ నుంచి చేస్తున్నానీ పని. మొత్తం ఎంతని అడిగినవాళ్ళు..." వేళ్ళు మడిచి లెక్క పెట్టబోయి, రెండో వేలి దగ్గర ఆగిపోయాడు. "పోనీ, చేతిలో డబ్బులాడినప్పుడు అదనంగా కూడా కట్టుకోవచ్చు. ఏడాదికి పదో వంతు దాకా జరిమానా లేదు. అదీ ఎవరూ కట్టరనుకోండి."

ఏడాది తిరిగింది. డోరీన్ పెరట్లో గడ్డి పొట్టిగా, చక్కగా పెరిగింది. బ్యాంకు నుంచి ఏడాది చిట్టా వచ్చిన రోజున డీన్ కవరును వసారాలోనే చించి, నిలబడే చదివాడు. ఇప్పుడతను రెండో పేజీ నుంచి మొదలుపెడుతున్నాడు. ఏడాదిలో కట్టింది తొమ్మిది వేల ఎనిమిది వందల ఇరవై ఒకటి. అప్పు తగ్గింది రెండు వేల ఎనిమిది వందల ఎనభై ఏడు.

అతను కోటు వేసుకుని తిన్నగా అత్తగారింటికి నడిచాడు. "దాదాపు పదివేలు కట్టాను డోరీన్! మూడు వేలు కూడా తగ్గలేదు! వీళ్ళ మొహాలు మండ!"

"కూర్చో. టీ పెడతా," అందావిడ. "వచ్చే ఏడు ఇంకో నూట యాభై దాకా ఎక్కువ తగ్గుద్ది. ఆ పై ఏడు ఇంకొంచెం. ఇది మొదట్లో కుంటే గుర్రం, చివర్లో పరిగెడుతుంది. నువ్వు చెయ్యాల్సిందల్లా దిగిపోకుండా ఉండటం."

"మధ్యలో తోయడానికి లేదా?"

"ఎందుకు లేదు? ముందు తోసింది ఎక్కువ పనిచేస్తుంది. చేతిలో ఏముంది నీకు?"

చేతిలో ఏమీ లేదు. గ్యారేజీలో మాత్రం మోటార్‌సైకిలుంది. నాలుగేళ్ళుగా దాని మీద దుప్పటి కప్పే ఉంది. ఆ శనివారమే అది రెండు వేల వంద పౌండ్లకు పోయింది. కొన్నవాడు వీధి మలుపు తిరిగేదాకా డీన్ గేటు దగ్గరే నిలబడ్డాడు. సోమవారం ఆ డబ్బంతా అప్పు మీద కట్టేశాడు. కెర్రీ లెక్క వేసి చెప్పింది: ఇప్పుడు కట్టిన ఈ రెండు వేల వంద, చివర్లో ఎనిమిది వాయిదాల పైనే మింగేస్తుంది.

డీన్‌కు ఆ రాత్రి నుంచి భూమి మీద కాళ్ళు నిలవలేదు. శుక్రవారం పబ్‌లో, రేవు జనమంతా ఫుట్‌బాల్ చూస్తుండగా, గ్లాసు పైకెత్తి ప్రకటించాడు.

"బ్యాంకోడి దగ్గర ఎనిమిది నెలలు గెలిచానురా!"

పక్కనే కూర్చున్న గావిన్, రేవులో అతనితో పాటే ఫోర్క్‌లిఫ్ట్ నడిపేవాడు, టీవీ తెర మీంచి చూపు తిప్పకుండానే అడిగాడు. "వాయిదాలు లేవా? ఎప్పటినుంచి?"

"ఇంకో ఇరవై మూడేళ్ళ చిల్లర తర్వాత."

గావిన్ నెమ్మదిగా తల తిప్పి అతన్ని ఎగాదిగా చూశాడు. వాడు కిందటి నెలే కొత్త వంటగది కోసం ఇంటి అప్పు తిరగరాయించాడు. డీన్ కుర్చీ దగ్గరికి లాక్కున్నాడు.

"అవునూ, నీది మొత్తం ఎంతరా?"

"నెలకి ఆరు వందల..."

"నెలకి కాదు. మొత్తం."

"డీన్," అన్నాడు గావిన్ గ్లాసు తీసుకుని లేస్తూ, "నీకు లెక్కలు రానప్పుడే నువ్వు మంచోడివిరా."

వాడు వెళ్ళి అవతలి బల్ల దగ్గర కూర్చున్నాడు. డీన్ తన బీరు మెల్లగా తాగాడు. రెండోది తెప్పించుకుందామా అని ఒక్క క్షణం ఆలోచించి, కోటు తగిలించుకుని ఇంటికి నడిచాడు. పొద్దున్నే షిఫ్టుంది.