అయ్య బరువు

కిష్టారం సంత రోజు పొద్దున్నే సుక్కి ఇంటి ముందు ఇప్పపూల గంపలు దిగేవి. సుక్కి మొహం కడుక్కొచ్చి ఒక్కో గంపా ఎత్తి దించేది. అంతే, గంప బరువు ఆమె ఒంట్లోకి పోయేది. ఆడవాళ్లు గంపలు నెత్తిన పెట్టుకుని కబుర్లాడుకుంటూ సంతకి పోయేవాళ్లు. సంతలో పూలు తూచకుండా పాత్రతో కొలిచేవాళ్లు గనక షావుకారుతో పేచీ లేదు. సుక్కి మాత్రం అడుగు అడుగునా నేల దిగబడేలా నడిచి, వాగు దగ్గర రాళ్లు విసిరేది. రాయి రాయికీ ఒళ్లు ఖాళీ అయ్యేది.

ఆ విసురు చూసి, కోంటా బట్టల షాపు వాళ్లబ్బాయి, జగదల్‌పూర్‌లో కోచ్‌గా ఉన్న హరిప్రసాద్, ఆమెను వెంట తీసుకుపోయాడు. షాట్‌పుట్ గుండు విసిరితే పతకం, పవర్‌లిఫ్టింగ్‌లో ఇనుము ఎత్తితే పతకం. ఇనుము బరువు ఇనుములోనే ఉండేది లెండి, ఎవరిదీ కాని బరువు ఎక్కడికని పోతుంది? విసిరేదానివా, ఎత్తేదానివా, ఏదో ఒకటి తేల్చుకోమని అతనంటే సుక్కికి ఎటూ తోచేది కాదు.

ఆ ఎండాకాలం వాళ్లయ్య మాడ చనిపోయాడు. పోయినవాళ్ల పేరన నిలువురాయి పాతడం వాళ్ల ఆచారం. రాయిని మగవాళ్లు కర్రలకు కట్టి తెస్తుంటే, సుక్కిని దూరంగా ఉండమని పెద్దలు ముందే చెప్పారు. గుంట దగ్గర తాడు జారి రాయి ఒరిగింది. ఆలోచించిందా పాడా, సుక్కి ఉరికి ఎత్తి పట్టుకుంది. పాతాక చూస్తే రాయి గాలికి ఊగుతోంది.

"మాడ పిల్ల ఒంట్లకు పోయిండు" అనుకుంటూ ఎవరిళ్లకు వాళ్లు పోయారు.

మర్నాడే రాయ్‌పూర్‌లో పవర్‌లిఫ్టింగ్ రాష్ట్ర జట్టు ఎంపిక. అందులో నెగ్గితే స్పోర్ట్స్ కోటాలో నౌకరీ దాదాపు ఖాయం. తూకం చూసి హరిప్రసాద్ తల పట్టుకున్నాడు.

"ఏంది సుక్కీ, నీ బరువు తరగతి దాటిపోయినవ్. ఇంకా టైముంది, పోయి గుండు విసిరి ఆ బరువు దింపుకొని రా."

సుక్కి గుండు మెడకానించి నిలబడింది. విసిరితే అయ్య ఈ గ్రౌండ్‌లో పడతాడు. కోంటా దాటి ఎరగని మనిషి, హిందీ కూడా సరిగా రాదు. విసరకపోతే నౌకరీ పోతుంది. ఏది తప్పో తెలియక ఏడుపొచ్చింది. అమ్మకు ఫోన్ చేసింది.

"నాకేం ఎరుక బిడ్డా" అంది సోమమ్మ. "కొత్త జాగల మీ అయ్యకు నిద్రపట్టదు, అంతే ఎరుక."

సుక్కి గుండు కింద పెట్టేసింది.

"నన్ను పై తరగతిల రాయుండ్రి సార్. అయ్యను ఊర్ల దింపి మళ్ల నా తరగతికొస్త."

"పై తరగతిల ఆఖరొస్తవే పిచ్చిదానా."

"వస్త సార్."

ఆఖరే వచ్చింది. ఆమె పాత తరగతిలో నెగ్గిన పిల్లకు ఆ తర్వాత నౌకరీ కూడా దొరికింది.

ఊరికొచ్చి నిలువురాయి పక్కన నిలబడి, చిన్న రాయి ఒకటి చేతిలోకి తీసుకుంది సుక్కి. ఒక్క విసురు, అయిపోతుంది. చెయ్యి లేవలేదు. భుజాల్లో, మోకాళ్లలో, నడుములో అయ్య ఉన్నాడు. ఇంట్లో ఆయన మంచం ఖాళీగా ఉంది. దింపితే తనకిక ఏముంటుంది? కోపమొచ్చింది, ఎవరి మీదో తెలియలేదు.

"రేపు దింపుతనే అమ్మా" అంది ఇంటికొచ్చి. సోమమ్మ జావ పోసి పెట్టింది.

ఆ రేపు ఇంతవరకు రాలేదు. సుక్కి మళ్లీ గుండు ముట్టలేదు. అంత బాగా విసిరే పిల్ల ఎందుకు మానేసిందని ఎవరన్నా అడిగితే, భుజం నొప్పని చెబుతాడు హరిప్రసాద్. ఊరి ఆడవాళ్లు కూడా ఆమె ముందు గంపలు పెట్టడం మానేశారు. ఉన్న బరువు చాలనుకున్నారో ఏమో, ఎవరి గంప వాళ్లే మోసుకుపోతున్నారు.

మొన్న అదే పై తరగతిలో సుక్కికి మొదటిసారి పతకం వచ్చింది. అది మెడలో ఉండగానే అమ్మకు ఫోన్ చేసింది.

"మంచిది బిడ్డా" అంది సోమమ్మ. "మీ అయ్య ఏమంటున్నడు?" అని అడిగింది.

సుక్కి తనలోకి తాను చూసుకుంది.

"ఏమంటలేడమ్మా. కూసున్నడు."

"కూసోనీ" అంది సోమమ్మ.