మళ్ళీ పిలిచాను

“ఈ మంచులో మన పిల్ల వరాలుకి ఏటైనా అయితే ఎవల్ని పిలవాలండీ?”

“ముందు ఏటైనా అవనీ, అప్పుడు సూద్దాం,” అంటూ మా ఆయన జీపెక్కారు. కాఫీ తోటల్లో ఆయన గుమాస్తా. చింతపల్లి వచ్చాక తోటలే ఆయన లోకం. సాయంత్రం ఇంట్లో ట్రాన్సిస్టరు మాట్లాడేది, ఆయన వినేవారు. నేను మాట్లాడితే గోడ వినేది.

విజయనగరంలో మా వీధిలో నేను తుమ్మితే నాలుగిళ్ళవాళ్ళు పలకరించేవారు. ఇక్కడ మా క్వార్టరు వరసలో చివరిది, పక్కది ఖాళీ. మనిషి అలికిడంటే కంచె అవతల కొండవాళ్ళ సోములమ్మే. రోజూ చీకటిపడే వేళ ఊట నీళ్ళ బిందెతో మంచులో దారి మలుపు వైపు వెళ్ళేది. “సోములమ్మా” అని పిలిచేదాన్ని. వెనక్కి తిరిగేది కాదు. మరోసారి పిలవడానికి నామోషీ. లోపలికొచ్చి పొయ్యి ముందు కూర్చుని, నేనసలు ఎవరికైనా కనబడుతున్నానా అనుకునేదాన్ని.

ఆ రోజు నేను భయపడ్డదే జరిగింది. మధ్యాహ్నం నుంచి వరాలుకి జ్వరం. చీకటిపడేసరికి పిల్ల కళ్ళు తేలేసింది. జీపు రాలేదు. పిల్లని భుజాన వేసుకుని కంచె దగ్గరికి పరుగెత్తాను. మంచులో బిందె కదులుతోంది.

“సోములమ్మా.”

బిందె ఆగలేదు. అలవాటు కొద్దీ వెనక్కి తిరగబోయాను. భుజం మీద పిల్ల ఒళ్ళు కాలిపోతోంది.

“సోములమ్మా. ఓ సోములమ్మా. నా గుంట...”

బిందె కిందికి దిగింది. ఆమె కంచె దాటి వచ్చి, పిల్లని గుడ్డతో వీపుకి కట్టుకుంది.

“నా కొంగట్టుకోమ్మా. బేగి.”

తోటల్లోంచి అడ్డదారిన, కాలి కింద ఏముందో తెలియకుండా, ఆ కొంగు పట్టుకునే ఆస్పత్రికి చేరాను. ఈనాటికీ ఆ కొంగుకి మనసులో దండం పెట్టుకుంటాను.

తెల్లారేసరికి వరాలు గంజి అడిగింది. ఘాట్‌లో జీపు చెడిపోయి అప్పుడే వచ్చిన మా ఆయన, పిల్ల నుదురు ముట్టుకుని, ఎన్నడూ లేనిది, “నువ్వేటైనా తిన్నావా?” అన్నారు నాతో.

ఆస్పత్రి వరండాలో సోములమ్మ వెలిగిన కొస నోట్లో పెట్టుకుని చుట్ట కాలుస్తోంది. పక్కన కూర్చున్నాను.

“ఇంత మంచిదానివి. రోజూ పిలిత్తే ఒక్కనాడూ పలకనేదేటి?”

చుట్ట సగానికి వచ్చింది. మళ్ళీ గోడతో మాట్లాడానేమో అనుకున్నాను. అప్పుడు చుట్ట నోట్లోంచి తీసింది.

“సీకటేల దెయ్యం ఒక్కసారే పిలుత్తాదమ్మా. పలికితే ఎంట వత్తాది. మనిసైతే మళ్ళీ పిలుత్తాది. నేను రోజూ మలుపు కాడ నిలబడేదాన్ని. నువ్వే మళ్ళీ పిలిసేదానివి కాదు.”