రెండు వందల పన్నెండో నంబరు దుంప

ఆవిడ మొగుడిలో లోపాల జాబితా పొడుగైనదే. అందులో అన్నిటికన్నా పైన రాయవలసింది, ఆ మనిషితో దెబ్బలాడటానికి వీలుండదన్నది. పెళ్ళయిన కొత్తలో ఓసారి ఒళ్ళు మండి "మీ దుంప తెగ" అంది. ఆయన కాగితాల్లోంచి తలెత్తి "ఏ నంబరుది?" అని అడిగాడు. వేళాకోళం కాదు, నిజంగానే అడిగాడు. అలాంటివాణ్ణి ఏమని తిట్టేది?

ఆయన ఉద్యోగం బంగాళాదుంపలకు పెళ్ళిళ్ళు చేయడం. ఒక మొక్క పుప్పొడి తీసి ఇంకో మొక్క పువ్వుకి అద్దుతాడు. కాసిన కాయల్లోని విత్తనాలు నాటి, పుట్టిన సంతానానికి తలా ఒక నంబరిచ్చి, అందులో ఆకుమాడు తెగులుని తట్టుకునేది ఏదైనా ఉందా అని వెతుకుతాడు. పన్నెండేళ్ళుగా అదే పని. మబ్బు పట్టి ముసురు పడితే లోకమంతా బట్టలు ఆరవని ఏడుస్తుంది, ఆయన మాత్రం తెగులు వస్తుందని చంకలు గుద్దుకుంటాడు. తెగులు రాకపోతే ఏది బతికేదో తెలిసేదెలా మరి.

చిక్కల్లా ఒకటే. తెగులుకి లొంగని అడవి దుంప ఒకటి ఉంది, దాన్ని తెచ్చి మామూలు దుంపతో కలిపాడు. ఆ అడవిది తన బలంతో పాటు చేదుని కూడా పిల్లలకి అంటగడుతుంది. చేదు దుంప తింటే ఒంటికి పడదు. అందుకని చేదన్న మాట వచ్చిందా, ఆ నంబరు కథ కంచికే.

ఆ మాట చెప్పే అధికారం ఆవిడ నాలుకది. కాకి పిల్ల కాకికి ముద్దన్నట్టు ఆయనకి అన్ని దుంపలూ అమృతమే, ఆయన రుచి చూసి లాభం లేదు. అందుకని ఐదేసి నంబర్లు ఇంటికి తెచ్చేవాడు. ఆవిడ వాటిని విడివిడి గిన్నెల్లో ఉప్పు లేకుండా ఉడికించి, మధ్య మధ్య నోరు పుక్కిలించి కొరికి చూసి, కాగితం మీద మార్కులు వేసేది. రుచికో గడి, ఉడికాక పిండిలా విడిపోయే పిండితనానికో గడి, చివరి గడి చేదుకి.

పరిశోధనా కేంద్రం పొలాల చివర ఉద్యోగుల కోసం ఆరు ఇళ్ళు కట్టారు గానీ ఐదింటికి తాళాలు. మిగతావాళ్ళంతా ఊళ్ళో ఉండి వచ్చిపోతారు. పొద్దున్న ఆయన బూట్ల చప్పుడు గట్టు మలుపు తిరిగాక మళ్ళీ సాయంత్రం దాకా ఆవిడకి తన చెంబు చప్పుడే తోడు. వారానికోసారి అక్క ఫోను చేసేది.

"మీ ఆయన నీతో ఏమైనా మాట్లాడతాడా లేదా?"

"ఎందుకు మాట్లాడరూ. పిండితనం గురించి."

"నీ పిండితనమా?"

"అదింకా ఆయన గమనించలేదులే అక్కా."

అక్క నవ్వేది. ఫోను పెట్టేశాక ఆ నవ్వు కాసేపు గదిలో ఉండి అదీ పోయేది.

కిందటేడు దుంపలు తవ్విన రోజుల్లో ఆవిడ కొత్త కళ్ళజోడు వేయించుకుంది. ఎర్ర ఫ్రేము, కావాలనే ఎంచుకుంది, గుడ్డివాడికైనా కనిపించాలని. పదకొండు రోజులు గడిచాయి. పన్నెండో రోజు ఆయన ఐదు నంబర్లు బల్లమీద పెట్టి, ఆవిడ మొహంలోకి చూశాడు.

"కళ్ళజోడు పెట్టుకునే ఉన్నావుగా. అంకెలు తారుమారవకుండా చూసి రాయి" అని వెళ్ళిపోయాడు.

ఆవిడ ఉడికించింది, కొరికింది. నాలుగు మామూలువే. ఐదోది, రెండు వందల పన్నెండు, నోట్లో వెన్నలా విడిపోయింది. అంత మంచి దుంప పన్నెండేళ్ళలో తినలేదు. దాని పక్క గడిలో గుండ్రంగా "చేదు" అని రాసింది. ఆయన చూస్తాడు, అనుమానపడతాడు, ఒక ముక్క కొరుకుతాడు. "ఏమే, నీకేమైనా మతిపోయిందా?" అని వంటింట్లోకి వస్తాడు. అప్పుడు కళ్ళజోడు సంగతి అడగవచ్చు. అదీ ఆవిడ పన్నాగం.

ఆయన కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు. మూడో రోజు ఆవిడే ఉండబట్టలేక అడిగింది.

"ఆ రెండు వందల పన్నెండు ఏం చేశారు?"

"చేదన్నావుగా. చితక్కొట్టి గుంటలో పూడ్పించేశాను, మిగిలినవి మొలకెత్తకుండా."

ఆవిడ అన్నం గిన్నె దించింది.

ఈ ఏడు తెగులు విరుచుకుపడింది. తొమ్మిది రోజుల్లో పొలం ఉడకబెట్టినట్టు నల్లబడింది. కుళ్ళిన ఆకు వాసన కిటికీలు మూసినా ఆగలేదు. ఒక మధ్యాహ్నం ఆయన బురద కాళ్ళతోనే వచ్చి బల్ల దగ్గర కూచున్నాడు. చేతిలో పాత పుస్తకమూ ఒక చిన్న కాగితం కవరూ ఉన్నాయి.

"అన్నీ పోయాయి. నిలబడ్డది నూట తొంభయ్యో నంబరు ఒక్కటే. అది చేదని నువ్వు ముందే చెప్పావు, పోలిక కోసమని అదొక్కటే ఉంచి లాబుకి పంపితే అక్కడా అదే తేలింది. దాని తోడబుట్టిందే రెండు వందల పన్నెండు. పొలంలో ఉన్న రెండేళ్ళూ దానికి నాలుగు మచ్చలకి మించి రాలేదు, ఇదిగో రాసుకున్నాను. కానీ అదీ చేదేనాయె."

"అయితే?"

"అయితే ఏముంది. వాటిని కన్న జంటకి బలమూ చేదూ విడిపోయి పుట్టవని తేలినట్టేగా. ఆ జంటవే ఇంకో మూడు వందల విత్తనాలు ఉన్నాయి ఇందులో. నాటడం దండగ. సాయంత్రం ఆఫీసులో రాసిచ్చి ఆ జంటని మూసేస్తాను."

ఆవిడ కవరు వంక చూసింది. నోరు మూసుకుంటే ఏ గొడవా ఉండదు. నోరు తెరిస్తే, ఈ ఇంట్లో తన మాటకి విలువున్న ఆ ఒక్క గడీ పోతుంది. రేపటినించి ఐదు నంబర్లు కూడా రావు. మార్కులు వేయడానికి ఆయన ఇంకెవరినైనా చూసుకుంటాడు. ఇక ఈ బల్ల దగ్గర ఆయన ఆవిడతో ఏం మాట్లాడతాడు?

ఆయన లేచాడు, కవరు జేబులో పెట్టుకున్నాడు.

"పోనీలే. నీ నాలుక పుణ్యమా అని ఇంకో పన్నెండేళ్ళు తగలేయకుండా బయటపడ్డాను. అది ఎప్పుడూ తప్పలేదు."

"నాలుక తప్పలేదండీ" అంది ఆవిడ. "రాసిన చెయ్యి తప్పింది."

"ఏమిటి?"

"రెండు వందల పన్నెండు చేదు కాదు. అంత మంచిది నేను తినలేదు. విత్తనాలు నాటండి."

ఆయన గుమ్మంలో ఆగిపోయాడు. బూటు నుంచి బురద పెళ్ళ ఒకటి రాలింది.

"మరి చేదని ఎందుకు రాశావు?" గొంతు పెద్దది కాలేదు. అదే ఆవిడకి కష్టంగా తోచింది.

"మీరు కొరికి చూస్తారనుకున్నాను. చూసి, ఇలా ఎందుకు రాశావని నాతో పోట్లాడతారనుకున్నాను. నాతో ఎవరూ పోట్లాడక చాలా రోజులైంది" అంది ఆవిడ. కళ్ళజోడు తీసి చేతిలో పట్టుకుంది. "మీరు నమ్మేశారు. తప్పు నాదే."