పాలు దింపే ముందు

ఆయన మీద ఆమెకున్న ఫిర్యాదు మరీ పెద్దదేం కాదు. తాగరు, తిట్టరు, తడి తువ్వాలు మంచం మీద పడేయడం తప్ప లోకానికి ఏ అపకారమూ తలపెట్టరు. కాకపోతే ఆయనకు జీతం తెచ్చిపెట్టే నాలుక ఆయన నోట్లో ఉండదు, ఆమె నోట్లో ఉంటుంది. ఇంత చిన్న సంగతికి మొగుణ్ణి ఆడిపోసుకుంటే నలుగురూ నవ్విపోతారని ఆమె ఇన్నేళ్ళుగా ఊరుకుంది.

ఆయన ఓ పెద్ద డెయిరీలో పాలు దింపుకునే విభాగానికి అధికారి. తెల్లవారేసరికి ట్యాంకర్లు గేటు బయట బారులు తీరతాయి. ఒక్కో ట్యాంకరు నుంచి చిన్న సీసాడు పాలు తీసి, మూతకు గుర్తు అంటించి, సీసాలన్నీ గళ్ళపెట్టెలో సర్ది డ్రైవరు చేత ఆఫీసరుగారి ఇంటికి పంపుతారు. ఆఫీసరుగారు వాసన చూసి, నాలుక మీద వేసుకుని, ఏది దింపాలో ఏది వెనక్కి తిప్పాలో ఫోనులో చెబుతారు. యంత్రాలు లేక కాదు. యంత్రం వెన్న చెబుతుంది, చిక్కదనం చెబుతుంది. మిగతా పరీక్షలు తేలేసరికి సాయంత్రమవుతుంది. అప్పటికి పాలు ప్యాకెట్లలోకీ, ప్యాకెట్లు పిల్లల గ్లాసుల్లోకీ వెళ్ళిపోతాయి. అందుకే గేటు దగ్గర నాలుకదే ఆఖరి మాట. డెయిరీలో అందరూ ఆయన్ని ‘బంగారు నాలుక’ అంటారు. ఆ పేరు చెక్కిన ఇత్తడి పలక ఒకటి హాల్లో వేలాడుతూ ఉంటుంది. దాన్ని తుడిచేదీ ఆమే.

పెళ్ళయిన కొత్తలో ఆయనకు ఏదో జ్వరం వచ్చింది. పోతూ పోతూ వాసననూ రుచినీ వెంటబెట్టుకుపోయింది. డెయిరీలో తెలిస్తే ఏ స్టోరు గదిలోనో పడేస్తారని ఆయనకు దిగులు. నీరసమని చెప్పి సీసాలు ఇంటికే తెప్పించుకున్నారు. “నాలుగు రోజులు నువ్వు చూసిపెట్టు. రుచి తిరిగి రాగానే నేనే చూసుకుంటా” అన్నారు. రుచి రాలేదు. ప్రమోషన్ వచ్చింది. తర్వాత ఇంకోటి వచ్చింది. ఆ నాలుగు రోజులు మాత్రం ఇంకా అవుతూనే ఉన్నాయి. పడగ్గది తలుపు వేసుకుని ఆమె రుచి చూస్తుంది. “ఇది మేత మారిన వాసన, ఫరవాలేదు. ఇది రాత్రి పాలు, పులుపు ఎక్కబోతోంది. ఇది క్యాను కడగని కంపు” అని గొణుగుతుంది. ఆయన కిటికీ దగ్గర నిలబడి అవే మాటలు ఫోనులోకి, గొంతు కాస్త బరువుగా చేసుకుని చెబుతారు. ఆ బరువు ఒక్కటే ఆయన సొంతం. తర్వాత ఆమె సీసాలు కడిగి పెట్టెలో పెడుతుంది. డ్రైవరు తీసుకుపోతాడు. ఆమె తినకూడనివి చాలా ఉన్నాయి. సీసాల పని అయ్యేదాకా కాఫీ లేదు. ఉల్లిపాయా వెల్లుల్లీ ముందురోజు సాయంత్రం నుంచే బంద్. జలుబు చేయకూడదు. కడుపుతో ఉన్నప్పుడు పాల వాసనకే డోకొచ్చేది, అయినా చూసింది. ‘ఇంకొంచెం ఓర్చుకో, రెండు సీసాలే’ అని ఆయన వీపు నిమిరేవారు. ఆ నిమరడాన్ని ప్రేమ కిందే జమకట్టుకుంది ఆమె. ఇంకే ఖాతాలో వేయాలో తెలియక.

అత్తగారికి ఈ సంగతి తెలియదు. తలుపు వెనక కొడుకు రుచి చూస్తాడనీ, కోడలు సీసాలు అందిస్తుందనీ ఆవిడ నమ్మకం. “మా వాడి నాలుక వాళ్ళ తాతది. ఆయన నీళ్ళు తాగి ఏ బావివో చెప్పేవాడు” అంటుంది వచ్చినవాళ్ళతో. “నువ్వూ ఉన్నావు, పొద్దున పదింటిదాకా కాఫీ కూడా తాగవు. ఏం సుకుమారమమ్మా!” అంటుంది ఆమెతో. కూతురికి జడ వేస్తూ, నవ్వు బయటికి రానీకుండా పెదవి కొరుక్కోవడం ఆమెకు బాగా అలవాటైపోయింది.

ఆ ఏడాది ఎండలు ముదిరాయి. మేత ధర పెరిగి రైతులు గొడ్లను అమ్ముకుంటున్నారని పేపర్లో రోజూ వస్తోంది. అదే పేపర్లో, పక్క పేజీలో, పాల బ్రాండ్ల ప్రకటనలు: ఎముకలకు పాలు, చదువుకు పాలు, కండలకు పాలు. చీజ్, పనీర్, రంగురంగుల పాల సీసాలు. ఆయన్ని టీవీవాళ్ళు చర్చకు పిలిచారు. నీలం చొక్కా ఆమే ఇస్త్రీ చేసిచ్చింది. “దేశంలో పాలకు గిరాకీ ఏటా పెరుగుతోంది. వినియోగదారుడు ఎంత అడిగితే అంత అందించే స్థితిలో మన పరిశ్రమ ఉంది” అన్నారు ఆయన టీవీలో. అత్తగారు మురిసిపోయింది. ఆమె చిక్కుడుకాయలు వలుస్తూ ఆలోచనలో పడింది. గొడ్లు తగ్గుతున్నాయి, పాలు పెరుగుతున్నాయి. చుట్టాలు దిగిన రోజున గిన్నెలో పాలు అవే ఉండి గ్లాసులు పెరిగితే ఏం చేస్తామో ప్రతి ఇల్లాలికీ తెలుసు. మనం కలిపేది నీళ్ళు. నీళ్ళతో చిక్కదనం రాదు. మరి వీళ్ళు ఏం కలుపుతున్నారు? చిక్కుడు పీచు వేలికి చుట్టుకుని ఉండిపోయింది, ఆమె చూసుకోలేదు.

జవాబు ఒక పసుపు మూత సీసాలో వచ్చింది. మొదట ఏమీ అనిపించలేదు. తియ్యగానే ఉంది. మింగకుండా ఉమ్మేసిన తర్వాత నాలుక చివర ఏదో జారుడు మిగిలింది, సబ్బు చేత్తో అన్నం తిన్నట్టు. ఆ తర్వాత సన్నగా చేదు. రెండు వేళ్ళ మధ్య రాసి చూస్తే జిడ్డు ఉంది గానీ అది వెన్న జిడ్డు కాదు. “ఇది పాలు కాదు. సోడా ఉంది, ఇంకేదో నూనె ఉంది. వద్దు” అంది. ఆయన ఫోనులో బరువుగా వద్దన్నారు. ఆ సీసా కడిగిన సింకులో నురుగు మధ్యాహ్నం దాకా అలాగే కూర్చుంది.

మర్నాడు పసుపు మూతలు రెండు వచ్చాయి. ఆ తర్వాత పెట్టెలో సగం అవే. అన్నీ ఒకే సరఫరాదారువి. అతనే ఇప్పుడు డెయిరీని నిలబెడుతున్నాడని ఆయనే చెప్పారు. ట్యాంకర్లు వెనక్కి తిరిగిన రోజున పై అధికారి ఫోన్ చేశాడు. ఆయన వరండాలోకి వెళ్ళి మాట్లాడి, లోపలికి వచ్చేసరికి మొహం నల్లబడి ఉంది.

“మళ్ళీ చూడు” అన్నారు.

“చూశాను.”

“నిన్న ఏం తిన్నావ్?”

“ఏం తింటాను? మీ ఉద్యోగం తినే తిండే.”

“జోకులు కాదు. యంత్రం పాస్ చేసింది. వెన్న సరిగ్గా ఉంది. నీ నాలుకకి వయసొచ్చిందేమో ఆలోచించు.”

“వయసు నాలుకకొక్కదానికే ఎలా వస్తుందండీ? మీ పక్కనే ఉన్నాను, మిగతా నన్ను కూడా ఓసారి చూడండి.”

ఆయన నవ్వలేదు. మంచం అంచున కూర్చుని, గొంతు తగ్గించి, “ఒక్కసారి బాగుందని అను. నీ నోటితో అను చాలు” అన్నారు. ఆమెకు అప్పటిదాకా అర్థం కాని సంగతి ఒకటి అప్పుడు అర్థమైంది. ఫోనులో ఏం చెప్పాలన్నా ఆయన చెప్పగలరు, అడ్డం ఎవరున్నారు? తను అనాలని ఎందుకంత పట్టు? ఎందుకంటే రేపేదైనా జరిగితే ‘నువ్వే కదా అన్నావు’ అనడానికి ఇంట్లో ఒక మనిషి కావాలి. ఇన్నేళ్ళూ ఆయన బదులు రుచి చూస్తున్నానని అనుకుంది. ఆయన బదులు భయపడటం కూడా తన పనేనన్నమాట. గిన్నెలు, బట్టలు, పలక తుడవడం, అంట్ల సబ్బుకీ పాలకీ తేడా చెప్పడం, చివరికి ఆయన తప్పును మోయడం. పని పెరిగినప్పుడల్లా ఎవరూ చెప్పరు, వచ్చి చేరిపోతుందంతే.

“అనను” అంది.

ఆయన లేచి కిటికీ దగ్గరికి వెళ్ళి, “దింపేయండి. అన్నీ దింపేయండి” అన్నారు ఫోనులో. గొంతు ఎప్పటిలాగే బరువుగా ఉంది.

ఆ రోజు నుంచి ఇంట్లోకి డెయిరీ పాల ప్యాకెట్లు రానివ్వలేదు ఆమె. వచ్చినవాటిని వచ్చినట్టే మొక్కల్లో పోసింది. తర్వాత మొక్కలు గుర్తొచ్చి మానేసింది. “పాల ఆఫీసరు ఇంట్లో పసిపిల్లకి పాలచుక్క లేదు. ఎవరితోనైనా చెప్పుకుంటే ఉమ్మేస్తారు” అని అత్తగారు సాధింపు మొదలుపెట్టింది. ఆయన పేపరు వెనక ఉండిపోయారు. పేపరు మీదుగా ఆయన కళ్ళు ఒక్కోసారి కూతురి ఖాళీ గ్లాసు దగ్గర ఆగడం ఆమె చూసింది.

ఎదురింట్లో ఉండే టీచరు చిన్నపిల్లల బడి నడుపుతుంది. ఓ సాయంత్రం గేటు దగ్గర ఆగింది. “మా పిల్లల్లో కొందరికి కడుపునొప్పి, వాంతులు. ఎండదెబ్బ అంటున్నారు డాక్టరుగారు. అవునుగానీ అక్కా, మేం పోసేది మీవారి డెయిరీ పాలే. వాటికేం ఢోకా లేదుగా?” అని నవ్వుతూ అడిగింది. ఆ నవ్వు ‘లేదు’ అనే మాట కోసం ఎదురుచూస్తోంది. వీధిలో పిల్లలు సైకిలు తొక్కుతున్నారు. ఒకడు మాత్రం అరుగు మీద, పొట్ట చేత్తో పట్టుకుని, వాళ్ళను చూస్తూ కూర్చున్నాడు. ఎండ ఎప్పుడో దిగిపోయింది.

“పొయ్యకమ్మా” అంది ఆమె. “నేను చెప్పానని చెప్పినా సరే.”

టీచరు చెప్పింది. మర్నాడు సాయంత్రానికే ఆ మాట ఆయనదాకా వచ్చింది.

“వీధంతా చాటింపు వేశావట! ఇంట్లో తిని నా కంచంలోనే మన్ను పోస్తావా? అసలు నువ్వెవరు చెప్పడానికి? పాల గురించి నీకేం తెలుసు?”

ఆ చివరి మాట అన్నాక ఆయనకే ఎక్కడో తగిలి ఉండాలి, నోరు అలా తెరిచే ఉంచారు. అత్తగారు అందుకుంది. “అదేగా నేనూ అంటున్నాను. వాడి విద్య వాడిది. నీకెందుకమ్మా నడమంత్రం? సీసాలు కడిగితే నాలుక వస్తుందా?”

ఆమెకు నవ్వొచ్చింది. ఎంత నవ్వంటే వంటింట్లోకి వెళ్ళి కుళాయి తిప్పుకోవాల్సి వచ్చింది. నీళ్ళ చప్పుడు కింద నవ్వు నవ్వులాగే ఉందో మారిందో ఎవరికీ తెలియదు. కుళాయి కట్టేసేసరికి మాత్రం మనసు తేలికపడింది. నిజమే, నాకేం తెలుసు? తెలిసినవాళ్ళే చూసుకోనీ.

పొద్దున డ్రైవరు గళ్ళపెట్టె తెచ్చి గుమ్మంలో నిలబడ్డాడు. ఆయన ఎప్పటిలా పడగ్గదిలోకి నడిచారు. ఆమె నడవలేదు. హాల్లో కుర్చీలో కూర్చుని, చిక్కటి డికాషను పొగలు కక్కుతుండగానే గుక్క వేసింది, నాలుక చుర్రుమనేలా. ఇంకో గుక్క.

“ఏం చేస్తున్నావ్?” ఆయన గొంతులో బరువు లేదు.

“కాఫీ తాగుతున్నానండీ. ఇవాళ మీరే చూడండి.”

“లోపలికి రా.”

“ఇక్కడే చూడండి. అత్తయ్యగారు మీరు రుచి చూడటం ఎప్పుడూ చూడలేదు. ఆవిడకీ ముచ్చటగా ఉంటుంది.”

అత్తగారు నిజంగానే ముచ్చటపడి కుర్చీ లాక్కుంది. చిన్నపిల్ల బడి బట్టలేసుకుని బల్ల దగ్గర బ్రెడ్డు తింటోంది. డ్రైవరు పెట్టె బల్ల మీద పెట్టి పక్కకు తప్పుకున్నాడు. ఆయన ఆమె వైపు చూశారు. ఆమె కప్పులోకి చూసుకుంది. ఫోన్ మోగింది. ఎత్తబోతే వేలు స్పీకరు మీద పడింది.

“సార్, గేటు బయట రోడ్డు నిండిపోయింది. దింపెయ్యమంటారా?”

“ఉండు, చూస్తున్నా.” ఆయన పసుపు మూత తీసి ఓ గుక్క నోట్లో పోసుకున్నారు. కళ్ళు మూసుకున్నారు. నీళ్ళో పాలో సబ్బో, ఆయనకు అన్నీ ఒకటే అని ఆ గదిలో ఇద్దరికే తెలుసు. ఇంకో సీసా తీశారు. ఇంకోటి. నుదుటి మీద చెమట పట్టింది.

“ఏంట్రా అంతసేపు? తాతయ్యకి చుక్క చాలేది” అంది అత్తగారు.

“బాగానే ఉన్నాయి” అన్నారు ఆయన.

“చూశావా?” అత్తగారు కోడలి వైపు తిరిగి కళ్ళెగరేసింది. “వాడు బాగున్నాయన్నాడు. ఇన్నాళ్ళూ దీని పిచ్చికి పిల్లని ఎండగట్టాం. ఇటివ్వు ఆ సీసా.” ఆవిడే అందుకుంది. పాలు గ్లాసులో వంచింది. నురుగు అంచుదాకా లేచి, తగ్గకుండా నిలబడింది. “తాగమ్మా బంగారూ, మీ నాన్న చూసిన పాలు.”

పిల్ల గ్లాసు అందుకుంది. ఆమె కప్పు వదిలేసి లేచింది. అంతకంటే ముందే ఆయన బల్ల మీదుగా పడి గ్లాసు లాక్కున్నారు. పాలు ఆయన చొక్కా మీదా, పిల్ల పుస్తకాల సంచీ మీదా ఒలికాయి. పిల్ల బెదిరి ఏడుపు మొదలుపెట్టింది.

“అదేంట్రా!” అంది అత్తగారు. “నువ్వే కదా బాగున్నాయన్నావు?”

ఆయన గ్లాసును గుండెకు అదుముకుని నిలబడ్డారు.

“సార్? ఉన్నారా? దింపెయ్యమంటారా?” అంది ఫోన్.

“దింపొద్దు.” గొంతు పీలగా వచ్చింది, ఎవరిదోలా. “ఏదీ దింపొద్దు. బయటికెళ్ళిన ప్యాకెట్లు కూడా వెనక్కి పిలిపించండి. ముందు పిల్లల బడులకి ఫోన్ చెయ్యండి.”

“అదేంటి సార్? అవన్నీ మీరు చూసి బాగున్నాయన్నవేగా?”

ఆయన తల్లి వైపు చూశారు. గుమ్మంలో డ్రైవరు వైపు చూశారు. పిల్లను ఎత్తుకుని, దాని పెదవులు కొంగుతో తుడుస్తున్న ఆమె వైపు మాత్రం చూడలేకపోయారు.

“నేను చూడలేదు. నాకు రుచి తెలియదు, ఎప్పటినుంచో తెలియదు. చూసేది మా ఆవిడ. మొదటి నుంచీ ఆవిడే. ఇవి వద్దని ఆవిడ చెప్పింది, నేనే దింపమన్నాను. రాసుకో, అలాగే రాసుకో. తప్పు నాది.”